సైన్యము - దంతరక్షణము

నల్లమల కొండల ఉత్తరపుటంచున అచ్చంపేట ఉన్నది. మొన్నటి చలికాలములో గ్రామస్థుల కార్యక్రమమునకు కొన్ని మాటలు రికార్డు చేసుకొనుటకై మేము ఆ ఊరికి వెళ్ళినాము. తెల్లవారకముందే హాజీపురము వైపు పోయే బాటమీద పదిపదిహేనుమంది కుర్రవాళ్ళు పరుగులు తీస్తూ కనిపించినారు. బాట ప్రక్కన ఒక వృద్ధుడు మెడకు మఫ్లరు చుట్టుకొని, చేతిలో గడియారము పట్టుకొని, ఈల వేస్తున్నాడు. ఆయన హవల్దారుగా ఉద్యోగము చేసి పించను పుచ్చుకొంటున్న మనిషి. పట్టాళములో చేరదలచిన పిల్లలకు రోజూ ఉచితముగా పరుగు నేర్పుతున్నాడు.

పరుగులో అందరికంటె ముందుగా వచ్చిన కుర్రవానిని మేము పలకరించినాము. "ఏమి నాయనా, ఈసారి తప్పక ఎంపిక అవుతావు కదా?" అన్నాము. అతడు నవ్వలేదు.

"పోయిన యేడు గూడ పరుగుల నేనే ముందున్న సార్. పండ్ల కాడ ఆపిండ్రు" అన్నాడు.

వృద్ధుడు అందుకొన్నాడు. "మూడు దవడపండ్లు లెవ్వు సార్ వీనికి. రెండు చిన్నప్పుడే పీకించిండ్రు. ఒకటి మొదలుదాక పుచ్చిపోయింది. కాళ్ళు జూసుకున్నడు, ఛాతి జూసుకున్నడు, నోరు జూసుకోలేదు."

కుర్రవానికి రోషము వచ్చినది. "పండ్లతోటి తుపాకి పేలుస్తరా తాతా?" అన్నాడు.

"ఒకప్పుడు పేల్చిండ్రు బిడ్డా" అని ఆ పెద్దమనిషి నవ్వినాడు.

ఆయన వేళాకోళమునకు అన్న మాట కాదది. చరిత్రలో అక్షరాలా నిజమైన మాట. ఆ కుర్రవాడు అడిగిన ప్రశ్నకూడా తేలికగా త్రోసివేయదగినది కాదు. యుద్ధమునకు పండ్లకు సంబంధమేమి? పన్ను నొప్పి వచ్చినంత మాత్రాన సైనికుడు సైనికుడు కాకుండా పోవునా? ఈ ప్రశ్నకు సమాధానము తెలుసుకొనుటకు ప్రపంచములోని గొప్పగొప్ప సైన్యములకే వంద సంవత్సరాలు పట్టినది. ఆ కథను క్లుప్తముగా మనవి చేయుటకే ఈ ప్రసంగము.

పూర్వపు తుపాకులను మూతివైపునుండి మందు పోసి, గుండు వేసి, గజముతో దట్టించి పేల్చేవారు. ఒక్కొక్క కాల్పుకు కావలసిన మందూ గుండూ కలిపి కాగితములో పొట్లముగా చుట్టి సిపాయికి ఇచ్చేవారు. దానినే తూటా అనేవారు. ఒక చేత తుపాకి, ఒక చేత తూటా ఉన్నప్పుడు పొట్లము మూతిని విప్పేది దేనితో? పంటితోనే. సిపాయి తూటా కొసను కొరికి, మందును గొట్టములో పోసేవాడు. పైవరుసలోను క్రిందివరుసలోను ఎదురెదురుగా గట్టి పండ్లు లేనివాడు ఈ పని చేయలేడు. అమెరికాలో 1861 మొదలు 1865 వరకు జరిగిన అంతర్యుద్ధములో ముందరి పండ్లు లేనివారిని సైన్యములో చేర్చుకొనలేదు. యుద్ధమునకు పోవుట ఇష్టములేక కొందరు తమ పండ్లను తామే పీకించుకొన్నారుకూడా.

ఈ పంటితో కొరికే తూటా మన చరిత్రలో ఎంత పని చేసినదో శ్రోతలకు తెలియనిది కాదు. ఇంగ్లీషు కంపెనీవారి తొలినాటి సిపాయిలలో చాలామంది చెన్నపట్టణము చుట్టుప్రక్కలనుండి, తెలుగుసీమనుండి వెళ్ళినవారు. ఆ కారణముచేతనే ఉత్తరహిందూస్థానములో ఎఱ్ఱకోటు తొడిగిన సిపాయి ఏ ప్రాంతమువాడైనా జనులు అతనిని "తిలంగా" అని పిలిచేవారు. 1857లో ఢిల్లీలో తిరుగుబాటు చేసిన ఉత్తరాది సిపాయిలనుకూడా ఆ పేరుతోనే పేర్కొన్నారు. కొత్తగా వచ్చిన ఎన్‌ఫీల్డ్ తుపాకి తూటాలకు ఆవు క్రొవ్వు, పంది క్రొవ్వు పూసినారన్న వార్త పుట్టినప్పుడు సిపాయిలు కలత చెందినది దానిని చేతితో తాకవలసివచ్చినందుకు మాత్రమే కాదు, నోట పెట్టి కొరకవలసివచ్చినందుకు. తూటాను చేతితోనే చింపవచ్చునని అధికారులు కవాతు పద్ధతిని మార్చినారు. కాని అప్పటికే ఆలస్యమైపోయినది. ఆ తిరుగుబాటుకు కారణములు అనేకములు. వానిలో ఒకటిమాత్రము సిపాయి పంటిమీదికి వచ్చి ఆగినది.

తరువాత లోహపు తూటాలు వచ్చినవి. తుపాకిలో వెనుకనుండి తూటా పెట్టే పద్ధతి వచ్చినది. పంటితో పని తీరిపోయినదని సైన్యాధికారులు తలచినారు. సిపాయి తుపాకిని కొరకడు గాని, అన్నము తినవలెను గదా, నిద్రపోవలెను గదా అన్న సంగతిని వారు మరచినారు.

ఆ మరపునకు ఫలితము దక్షిణాఫ్రికాలో కనిపించినది. 1899 మొదలు 1902 వరకు అక్కడ బోయర్లతో యుద్ధము చేసిన బ్రిటిషు సైనికులకు ముఖ్యాహారము రాతివంటి బిస్కెట్లు, డబ్బాలలోని మాంసము. అసలే పుచ్చిన పండ్లు ఆ బిస్కెట్లకు విరిగిపోయినవి. నమలలేనివాడు తినలేడు. తినలేనివాడు నడవలేడు. ఆ యుద్ధములో కేవలము పండ్ల బాధలతో ఆసుపత్రిలో చేరినవారు సుమారు 7000 మంది. వారిలో మూడవవంతు మందిని ఓడలమీద స్వదేశమునకు త్రిప్పి పంపవలసివచ్చినది. శత్రువు ఒక్క గుండు ఖర్చు పెట్టకుండ రెండువేల మందికి పైగా సైనికులు రంగమునుండి తొలగిపోయినారన్నమాట. లండనులోని గైస్ ఆసుపత్రికి చెందిన న్యూలాండ్ పెడ్లీ అనే దంతవైద్యుడు 1900లో తన సొంత ఖర్చుతో దక్షిణాఫ్రికాకు వెళ్ళి సైనికులకు చికిత్స చేసినాడు. ఒక వ్యక్తి తన డబ్బుతో చేసిన పనిని ఒక సామ్రాజ్యము తన ఖజానాతో చేయలేకపోయినది.

ఇంత అనుభవము తరువాతకూడ బుద్ధి రాలేదు. 1914 ఆగస్టులో ఫ్రాన్సుకు వెళ్ళిన బ్రిటిషు సేనతో దంతవైద్యుడు ఒక్కడైనా వెళ్ళలేదు. ఆ యేటి శరత్కాలములో ఎయిన్ నదీతీరమున ఘోరమైన పోరు సాగుతున్న సమయములో సేనానులలో ఒకడైన సర్ డగ్లస్ హేగ్‌కు భరింపరాని పన్నుపోటు వచ్చినది. వేలాది సైనికులను నడిపించవలసిన మనిషి చెంప పట్టుకొని కూర్చున్నాడు. సేనలో వైద్యులున్నారు గాని దంతవైద్యుడు లేడు. పారిస్ నగరమునుండి ఒకరిని పిలిపించవలసివచ్చినది. సామాన్య సిపాయి పన్నుపోటు పై అధికారుల చెవిని పడలేదు గాని, సేనాని పన్నుపోటు పడినది. నవంబరులోనే కొందరు దంతవైద్యులను ఫ్రాన్సుకు పంపినారు. యుద్ధము ముగిసేనాటికి వారి సంఖ్య 800 దాటినది. 1921 జనవరి 4వ తేదీన బ్రిటిషు సైన్యమునకు ప్రత్యేకముగా దంతవైద్యదళము ఏర్పడినది. అమెరికావారు అంతకు పది సంవత్సరాలు ముందుగానే, 1911 మార్చి 3వ తేదీన, తమ దళమును ఏర్పరచుకొన్నారు.

ఆ మొదటి ప్రపంచయుద్ధములోనే దంతవైద్యుడు నొప్పి తీర్చేవాడుగానే కాక, ముఖము నిలిపేవాడుగాకూడ పేరు పొందినాడు. అది కందకముల యుద్ధము. దేహమంతా కందకములో దాగియుండినా, తల ఎత్తినంతనే గుండు ముఖమునకు తగిలేది. దవడలు పగిలినవారు, గడ్డము ఎగిరిపోయినవారు వేలకొలది ఆసుపత్రులకు చేరినారు. చర్మమును శస్త్రవైద్యుడు కుట్టగలడు. కాని లోపల దవడ ఎముక సరియైన చోట నిలువకపోతే కుట్టిన ముఖము కుంగిపోతుంది. విరిగిన చేతికి బద్ద కట్టినట్లు దవడకు కట్టుటకు వీలులేదు. దానికి బద్దలు పండ్లే. మిగిలిన పండ్లకు సన్నని తీగ చుట్టి, పైవరుసను క్రిందివరుసతో బిగించి ఎముకను అతికించే నేర్పు దంతవైద్యునిది. ఫ్రాన్సులో పని చేసిన వాలడియర్ అనే దంతవైద్యుని పనిని 1915లో హెరాల్డ్ గిలీస్ అనే యువవైద్యుడు చూచినాడు. ఆ స్ఫూర్తితో ఇంగ్లండులోని సిడ్‌కప్‌లో 1917లో ముఖగాయములకు ప్రత్యేకముగా ఒక ఆసుపత్రి వెలసినది. నేడు మనము ప్లాస్టిక్ సర్జరీ అని పిలిచే శాస్త్రము చాలావరకు అక్కడ పెరిగినదే.

ఆ ఫ్రాన్సు రంగములో మన సైనికులుకూడ ఉన్నారు. సికిందరాబాదు పేరుతోనే ఒక ఆశ్వికదళము అక్కడ పోరాడినది. అందులోని దక్కన్ హార్స్ అనే పటాలము 1916 జూలై 14వ తేదీన సోమ్ రంగములో హైవుడ్ అనే అడవివద్ద గుఱ్ఱములమీద శత్రువుపైకి దూకినది. కందకములలో నెలల తరబడి నోరు కడుగుకొనక, సరియైన తిండి లేక, చిగుళ్ళు కుళ్ళి నెత్తురు కారే జబ్బు సైనికులలో వ్యాపించినది. దానికి "కందకపు నోరు" అనే పేరే స్థిరపడినది. కాని ఆనాటికి భారతసైన్యమునకంటూ ఒక దంతవైద్యదళము లేదు.

అసలు దేశములో దంతవైద్యమే శైశవావస్థలో ఉండినది. మన దేశములో మొదటి దంతవైద్య కళాశాలను డాక్టరు రఫీయుద్దీన్ అహమ్మదు 1920లో కలకత్తాలో స్థాపించినాడు. దంతవైద్యులను గురించిన చట్టము 1948లోగాని రాలేదు. ఈ రెంటికి నడుమ, రెండవ ప్రపంచయుద్ధకాలములో, 1941 ఫిబ్రవరి 1వ తేదీన భారతసైన్య దంతవైద్యదళము పుట్టినది. 1939లో సుమారు రెండులక్షలుగా ఉండిన భారతసైన్యము యుద్ధము ముగిసేనాటికి ఇరవై అయిదులక్షలకు పెరిగినది. అంతమంది నోళ్ళను చూడవలసిన బాధ్యత ఆ కొత్త దళముమీద పడినది. స్వాతంత్ర్యము వచ్చిన తరువాత ఆ దళము స్థలసేనకేకాక నౌకాదళమునకు, వైమానికదళమునకుకూడ సేవ చేస్తూ వచ్చినది. దాని అధిపతి లెఫ్టినెంటు జనరలు హోదాగల దంతవైద్యుడు. సికిందరాబాదు కంటోన్మెంటులో సైనిక దంతవైద్యకేంద్రము ఉన్నది. సైనికుల బిడ్డలు దంతవైద్యము చదువుకొనుటకు 2001లో సికిందరాబాదులోని జవహర్‌నగర్‌లో ఒక కళాశాలకూడ వెలసినది. ఉద్యోగ విరమణ చేసినవారికి 2003లో వచ్చిన మాజీ సైనికుల ఆరోగ్యపథకము క్రింద పాలీక్లినిక్కులలో పండ్ల వైద్యము దొరుకుతున్నది.

ఇక ఈనాటి సైన్యమునకు పండ్లతో పనియేమి అని అడుగవచ్చును. ఈనాడు పని మరింత పెరిగినది. హైదరాబాదుకు చేరువనే దుండిగల్లులో వైమానికదళ అకాడమీ ఉన్నది. విమానము పైకి పోయినకొద్దీ చుట్టూ గాలి ఒత్తిడి తగ్గుతుంది. పుచ్చిన పంటిలోనో, సరిగా పూడ్చని పంటిలోనో చిక్కిన కొద్దిపాటి గాలి అప్పుడు వ్యాకోచిస్తుంది. నేలమీద ఏ బాధా పెట్టని పన్ను ఆకాశములో సూదిపెట్టి పొడిచినట్లు పొడుస్తుంది. ఆ క్షణములో విమానము నడిపేవాని చూపు పరికరములమీద నిలువకపోతే ఏమగునో వేరుగా చెప్పనక్కరలేదు. విశాఖపట్టణమునుండి సముద్రగర్భమునకు దిగే జలాంతర్గామి నావికులకు మరొక చిక్కు. వారాల తరబడి నీటి అడుగున ఉండవలసినవారికి అర్ధరాత్రి పన్నుపోటు వస్తే దంతవైద్యుని ఇల్లు ఎక్కడ? హిమాలయపు మంచుశిఖరములమీద కాపలా కాసేవాని స్థితియు అంతే. ఒక్కని పంటికొఱకు ఒక హెలికాప్టరును పంపవలసివస్తుంది. వాతావరణము బాగుంటేనే అది వస్తుంది.

ఇంకొక సంగతి చెప్పుటకు కష్టముగా ఉన్నా చెప్పకతప్పదు. యుద్ధములో మరణించినవాని ముఖమును గుర్తుపట్టలేని సందర్భములున్నవి. నిప్పుకుకూడ త్వరగా లొంగనిది పన్ను. అమెరికా స్వాతంత్ర్యయుద్ధములో 1775లో బంకర్ హిల్ వద్ద మరణించిన జోసెఫ్ వారెన్ అనే సేనాని దేహమును మరుసటి సంవత్సరము పాల్ రివీర్ అనే కంసాలి తాను కట్టిన కృత్రిమదంతమును చూచి గుర్తించినాడు. ఈనాడు సైనికుని నోటి వివరములను కాగితమున పొందుపరచుటలోని ప్రయోజనములలో ఇదియు ఒకటి. ఏ తల్లికైనా కుమారుని కడసారి చూపు దక్కకపోయినా, ఇతడే నీ బిడ్డ అని నిశ్చయముగా చెప్పగలిగిన సాక్ష్యము అది.

ఇంత కథలో సైన్యములు నేర్చుకొన్న పాఠము ఒక్కటే. పన్ను నొప్పి పెట్టిన తరువాత వైద్యుని వెదకుట చేతులు కాలిన తరువాత ఆకులు పట్టుకొనుటవంటిది. నొప్పి లేనప్పుడే నోరు చూడవలెను. అందుచేతనే సైన్యములో ఏ బాధా లేనివానికికూడ నియమముగా పండ్ల పరీక్ష జరుగుతుంది. అందుచేతనే చేరబోయేవాని నోటిని ముందుగానే లెక్కకట్టి చూస్తారు.

ఆ లెక్క ఎట్లు కడతారో తెలిస్తే అచ్చంపేట కుర్రవాని సంగతి మనకు తేటపడుతుంది. భారతసైన్యములో చేరేవానికి పండ్లకు కనీసము 14 పాయింట్లు రావలెను. పైపంటికి ఎదురుగా క్రిందిపన్ను ఉండి రెండును ఆనుకొని నమలగలిగితేనే ఆ జతకు పాయింటు. కొరుకుడు పండ్లు, కోరపండ్లు, వాని వెనుకనుండే చిన్న దవడపండ్లు - వీనికి జతకొక పాయింటు. మొదటి పెద్ద దవడపంటికి, రెండవ పెద్ద దవడపంటికి జతకు రెండేసి పాయింట్లు. చివర వచ్చే జ్ఞానదంతము బాగుగా ఎదిగితే రెండు, ఎదగకపోతే ఒకటి. 32 పండ్లును ఉన్నవానికి మొత్తము 22 గాని, 20 గాని వస్తాయి. ఇది కాక ముందరి ఆరింటిలో నాలుగైనా, వెనుకటి పదింటిలో ఆరైనా ఎదురెదురుగా పని చేస్తూ ఉండవలెను. చిగుళ్ళనుండి చీము కారే పయోరియా ముదిరినవానిని తీసుకొనరు.

జ్ఞానదంతములు ఇంకా రాని పద్దెనిమిదేండ్ల వానికి అన్ని పండ్లు ఉంటే 18 పాయింట్లు. మూడు జతలలో మూడు పెద్ద దవడపండ్లు పోతే ఆరు పాయింట్లు తగ్గి 12 మిగులుతాయి. పై పన్ను ఊడితే క్రింది పన్ను వజ్రమువలె ఉన్నా దానికి జత లేదు గనుక విలువ లేదు. మన కుర్రవాడు పరుగులో మొదటివాడై పండ్లవద్ద ఆగుటకు కారణమిదే. జ్ఞానదంతములు చక్కగా వస్తే అతని లెక్క మారవచ్చును. కాని అవి ఎప్పుడు వచ్చునో, సరిగా వచ్చునో రావో ఎవరి చేతిలోను లేదు.

ఆ మూడు పండ్లు ఎప్పుడు పోయినవి? శ్రోతలు ఈ సంగతిని గమనించవలెనని మా ప్రార్థన. బిడ్డకు ఆరవయేట, పాలపండ్లు ఇంకా నోట నిండుగా ఉండగానే, వాని వెనుక మొదటి పెద్ద దవడపన్ను మొలుస్తుంది. ఏ పన్నూ ఊడకుండ చప్పుడు లేకుండ వచ్చే పన్ను గనుక తల్లిదండ్రులు దానిని పాలపన్ను అనుకొంటారు. పుచ్చితే పుచ్చనిమ్ము, ఊడితే మళ్ళీ వస్తుందిలే అని ఉపేక్షిస్తారు. అది మళ్ళీ రాదు. అది ఆ మనిషి ఆయుష్షంతా నమలవలసిన పన్ను. సైన్యము రెండు పాయింట్లు కట్టిన పన్ను అదే. పద్దెనిమిదవయేట నిరాకరణకు గురియైన కుర్రవాని జాతకము చాలావరకు ఆరవయేటికి, ఎనిమిదవయేటికి నడుమ వ్రాయబడినది. వ్రాసినవారెవరో కాదు, ఆ పన్ను సంగతి తెలియక ఊరకున్న మనమే.

మన పెద్దలు పంటి విషయములో ఉపేక్ష చేసినవారు కారు. సుశ్రుతసంహితలో పండ్లు తోముకొను పుల్ల పన్నెండు అంగుళముల పొడవు, చిటికెనవ్రేలి లావు ఉండవలెనని చెప్పినారు. చేదు చెట్లలో వేప, వగరు చెట్లలో చండ్ర, కారపు చెట్లలో కానుగ, తీపి చెట్లలో ఇప్ప శ్రేష్ఠమని నిర్ణయించినారు. ఈ నాలుగు చెట్లూ నల్లమలలో ఉన్నవి. అచ్చంపేటవారికి ఇవి పరాయివి కావు. కాని వేపపుల్ల వేసినవాడుకూడ దానిని ముందరి పండ్లమీదనే నాలుగుసార్లు త్రిప్పి పారవేస్తున్నాడు. దవడపండ్ల సందులలోనికి అది పోవుట లేదు. రాత్రి తిన్న తీపి తెల్లవారేదాక అక్కడే ఉంటున్నది. పుల్లయైనా, బ్రష్షయినా వెనుకటి పంటిదాక పోవలెను. ఉదయమునకంటె రాత్రి నిద్రకు ముందు తోముట ముఖ్యము. బొగ్గుపొడి, ఇటుకపొడి పంటి పైపూతను అరగదీస్తాయి గనుక వానిని మానవలెను. గుట్కా, పొగాకు, జర్దా చిగుళ్ళకే కాదు, ప్రాణమునకే ముప్పు.

మా నల్లగొండ, పాలమూరు శ్రోతలు ఇక్కడ ఒక మాట అడుగుతారు. "మా పండ్లమీద గోధుమరంగు మచ్చలున్నవి, తోమినా పోవు, అదేమి?" అని. అది పుచ్చు కాదు. నీటిలో ఫ్లోరైడు మితిమీరినందువలన వచ్చే లోపము. లీటరు నీటిలో ఒకటిన్నర మిల్లీగ్రాములకు మించి ఫ్లోరైడు ఉండరాదు. పన్ను చిగుళ్ళలోపల తయారగుచున్న బాల్యములోనే ఆ మచ్చ పడిపోతుంది గనుక తరువాత ఎంత తోమినా ప్రయోజనము లేదు. దీనికి మందు బ్రష్షులో లేదు, బిందెలో ఉన్నది. బోరు నీరు మాని, శుద్ధిచేసిన నది నీటిని పసిపిల్లలకు త్రాగించుటే దారి. 2016లో ప్రారంభమైన మిషన్ భగీరథ పథకము కృష్ణా, గోదావరుల నీటిని ఇంటింటికి తెచ్చే ఉద్దేశముతో పుట్టినది. ఆ నీరు వచ్చే ఇంట పసివానికి బోరునీరు పట్టుట తెలిసి చేసే తప్పు అవుతుంది.

మరి ఇంట్లో చేయగలిగిన పని ఏమి? ఆరేండ్లు నిండిన బిడ్డను వెలుతురులో కూర్చుండబెట్టి నోరు తెరిపించి చూడండి. ముందునుండి లెక్కిస్తే ఆరవచోట పెద్దపన్ను మొలిచియుంటే అది శాశ్వతమైన పన్ను. దానిమీద నల్లని చుక్కగాని, గుంటగాని కనిపిస్తే నొప్పి వచ్చేదాక ఆగకుండ దంతవైద్యునికి చూపించండి. చిన్న గుంటను పూడ్చుటకు పట్టే సమయము కొద్దినిమిషములు. ఆటలలో దెబ్బ తగిలి శాశ్వతమైన ముందరి పన్ను ఊడివస్తే దానిని వేరు పట్టుకొని రుద్దకుండ, పాలలో వేసి గంటలోపల వైద్యునివద్దకు చేర్చండి. తిరిగి నాటుటకు అవకాశముంటుంది. పెద్దలు నొప్పి ఉన్నా లేకున్నా ఏటికొకసారియైనా పండ్లు చూపించుకొనవలెను. ఇది సైన్యము తన సిపాయికి విధించిన నియమమే. దానిని పాటించుటకు తుపాకి పట్టనక్కరలేదు.

మేము అచ్చంపేట విడిచే ఉదయమున మళ్ళీ ఆ బాటమీదుగానే వచ్చినాము. పరుగు ముగిసినది. హవల్దారుగారు కుర్రవాళ్ళను వరుసగా నిలువబెట్టి, చేతిలో టార్చిలైటు పెట్టుకొని ఒక్కొక్కరి నోరు తెరిపించి చూస్తున్నాడు. మమ్ములను చూచి, "గడియారమొక్కటి చాలదు సార్, ఈ దీపంగూడ కావాలె" అన్నాడు. మనము మొదట చెప్పిన కుర్రవాడు తన అక్క కొడుకును వెంట తీసుకొని వచ్చినాడు. పసివానికి ఆరేండ్లుంటాయి. మేనమామ వాని చుబుకము ఎత్తి పట్టుకొని, "జూడు సార్, వెనుకది. నిన్నటిదాక పాలపన్ననే అనుకున్నం" అన్నాడు.

పన్ను తెల్లగా, అప్పుడే మొలిచి, చిగురువలె ఉన్నది. ఒక్క మచ్చయైనా లేదు. పసివాడు నోరు మూసుకొనుటకు తొందరపడుతున్నాడు. మేనమామమాత్రము ఇంకా చూస్తూనే ఉన్నాడు.

ఆ పన్ను రేపు పట్టాళములో చేరునో, పొలములో చేరునో, బడిపంతులు నోట చేరునో మనకు తెలియదు. ఎక్కడ చేరినా దానితో పని ఉన్నది. దానిని కాపాడుటకు నేటి రాత్రియే మంచి ముహూర్తము. శ్రోతలు భోజనము ముగించి పిల్లలను నిద్రపుచ్చేముందు ఒక్కసారి వారి నోరు తెరిపించి దీపము పట్టి చూస్తారని ఆశిస్తున్నాము.